స్త్రీలకు అని రాసిన బల్ల

పొగాకు బ్యారన్, అదే పచ్చి ఆకుని పొయ్యి వేడికి ఆరబెట్టే గది, కాలుస్తున్నప్పుడు ఎప్పుడన్నా దాని పక్కన నిలబడ్డారా మీరు? లోపల ఆకు పచ్చ పోయి పసుపుకి తిరిగేటప్పుడు ఒక వాసనొస్తుంది. ఎండిన వరిగడ్డి, బెల్లంపాకం, తడిసిన గోతాం, మూడూ కలిస్తే ఎట్టుంటుందో అట్టుంటుంది. పడనోళ్ళు ముక్కు మూసుకుంటారు, నాకు మాత్రం అది పుస్తకాల వాసన. ఇట్టా అంటే మా పిలకాయలు నవ్వుతారు, అమ్మకి పొగాకు తలకెక్కింది అంటారు.

మొన్న ఫిబ్రవరిలో సింగరాయకొండ దాటి కందుకూరు రోడ్డెక్కి కారు అద్దం దించానో లేదో, గుప్పున అదే వాసన. పోతుండేది కూడా ఆ పుస్తకాల మనిషి కోసమే. ముందురోజు రాత్రి తమ్ముడు ఫోన్ చేసి "అక్కా, లైబ్రరీ సారు పొయినాడంట" అన్నాడు. ఆయన మాకు చుట్టం కాదు పక్కం కాదు. పొద్దున్నే ఒంగోల్లో బయల్దేరుతుంటే మా ఆయన "ఇంతకీ ఎవరాయన" అని అడిగితే ఏం చెప్పాలో తెలీలేదు, "మా ఊళ్ళో పుస్తకాలిచ్చే ఆయన" అన్నా. అంతే కదా మరి.

మా ఊరు కందుకూరు తాలూకా, మన్నేరు తట్టు. పేరెందుకులెండి. మా చిన్నప్పుడు లైబ్రరీ అంటే పంచాయతీ ఆఫీసు కాదు, బడీ కాదు, ఒక రైతు అద్దెకిచ్చిన పెంకుల గది. గదికి ఇటు ఆయన పశువుల కొట్టం, అటు ఆయన బ్యారన్. జనవరి నుంచి మార్చి దాకా ఆ గోడ వెచ్చగా ఉండేది, చలికాలం పొద్దున ముసలోళ్ళు పేపరు చదివే వంకన వచ్చి ఆ గోడకి వీపు ఆనించి కూచునేవాళ్ళు. రెండు ఇనప బీరువాలు, ఒకటి తాళం పడేది, ఒకటి పడేది కాదు. ఒక పొడుగాటి బల్ల, దానికి అటొక బెంచీ ఇటొక బెంచీ. గోడ మీద గాంధీ, నెహ్రూ, ఒక ఆగిపోయిన గడియారం. ఒక అట్టమీద 'నిశ్శబ్దం'. ఇంకో అట్టమీద ఉదయం 8 నుంచి 11, సాయంత్రం 4 నుంచి 7, శుక్రవారం సెలవు.

ఒక మూల చిన్న బల్ల ఇంకోటి ఉండేది. దాని అంచున తెల్లరంగుతో 'స్త్రీలకు' అని రాసుంటుంది. దానిమీద సారు క్యారియరు, గొడుగు, బంక సీసా ఉండేయి. నాకు ఊహ తెలిసినాక ఆ బల్ల దగ్గర ఒక్క ఆడమనిషి కూచున్నట్టు చూడలా. ఆడోళ్ళు లైబ్రరీకి పోవడమేంది అసలు, కొట్టుకే పోరు.

అట్టాగని మా ఊరి ఆడోళ్ళు చదవరనుకుంటే పొరపాటు. మా వీధిలో చదువొచ్చినోళ్ళు ఏడెనిమిది మంది ఉండారు, అయిదో తరగతో ఎనిమిదో దాకా చదివి పెళ్ళై వచ్చినోళ్ళు, వాళ్ళకి పుస్తకం అందకపోతే పిచ్చెక్కేది. మధ్యలో నేను. తొమ్మిది పదేళ్ళుంటాయి. రెండు రోజులకోసారి సాయంత్రం బడి నుంచి రాగానే నూలు సంచీలో నాలుగైదు పుస్తకాలేసుకుని పైన గోంగూరో చింతకాయలో కప్పుకుని పొయ్యేదాన్ని. ఎందుకు కప్పాలో నాకు తెలీదు, అందరికీ తెలిసిన సంగతే కదా, అయినా కప్పాలంతే, పుస్తకాలు మోసుకుంటా వీధిలో పోతే మామలు ఏమన్నా అంటారని.

ఎవరూ పుస్తకం పేరు చెప్పేవాళ్ళు కాదు. మా చిన్నమ్మ "పోయినసారి తెచ్చినదాంట్లో డాక్టరు ఆ పిల్లని చేసుకుంటాడు చూడు, అట్టాంటిది తే" అనేది. ఎదురింటి అత్త "నాకు ఏడుపుది వద్దు, ఇంట్లో ఉండేది చాలు" అనేది. మూలింటి కొత్తకోడలు మాట్లాడేది కాదు, చేతిలో ఉన్న పుస్తకం ఇచ్చి రెండు వేళ్ళు చూపించేది, అంటే ఇది రెండో భాగం ఉంటే పట్రా అని. అవన్నీ నేను పోయి సారుకి అప్పచెప్తే ఆయన కళ్ళద్దాలు పైకి తోసి కాసేపు ఆలోచించి, బీరువాలో చెయ్యి పెట్టి ఒకటి తీసేవాడు. "ఇది మీ చిన్నమ్మ చదివిందా? చదవలేదు. ఆ యమ్మ చదివింది, ఈ యమ్మ చదవల్యా." ఊరి ఆడోళ్ళ లెక్కంతా ఆయన తలకాయలో ఉండేది. రిజిస్టర్లో మటుకు ఉండేది కాదు.

రిజిస్టరు సంగతి చెప్పాలి. డిపాజిట్టు కట్టి మెంబరయ్యేది మగోళ్ళు. కాబట్టి పుస్తకం ఎవరు చదివినా రాసేది ఇంటాయన పేరు మీదే. ఆ లెక్కన మా ఊళ్ళో నవలలు ఎక్కువ చదివినవాడు మా నాయన. మా నాయన జన్మలో ఒక నవల ముట్టలేదు, ఆయనకి పేపరు, అందులో వాన సంగతి, పొగాకు ధర, అంతే. సారు అరుగు మీద అందరి ముందూ "ఏమయ్యా, ఈ నెల్లో పదకొండు నవలలు చదివావే, అన్నీ ప్రేమవే" అని ఎగతాళి చేస్తే నాయన "చదివిన్లే సామీ, కళ్ళు మండుతుండాయి" అనేవాడు. మీరు ఎప్పుడన్నా పాత లైబ్రరీ రిజిస్టర్లు చూసి ఆ రోజుల్లో పల్లెల్లో మగవాళ్ళు ఎంత సాహిత్యం చదివారో అని వ్యాసం రాయబోతే కాస్త ఆలోచించి రాయండి.

నన్ను పంపడానికి మొదట్లో ఇంట్లో గొడవే జరిగింది. మా పెద్దమామ ఒకాయన ఆడపిల్లని అరుగుల మీద తిప్పుతుండారేంది అన్నాడు. మా అవ్వకి అక్షరమ్ముక్క రాదు. ఆమె పోయి దూలానికి కుట్టిన ఇనప కమ్మీకి గుచ్చిన కాగితాలన్నీ దించి ఇంటిపన్ను రసీదు తీసి నా చేతికిచ్చి "ఇందాంట్లో ఏమేమి రాసుందో చదవే" అంది. ఇంటిపన్ను, దీపాల పన్ను, గ్రంథాలయ పన్ను అని చదివా. "ఆ ఆఖర్ది మల్లా చదువు" అంది. గ్రంథాలయ పన్ను. "కడుతుండామా లేదా? కట్టినాక తెచ్చుకోకపోతే ఎవుడి సొమ్ము పోయినట్టు?" అంది మామని చూసి. దుడ్ల మాట వచ్చినాక మా ఇంట్లో ఇంక వాదన ఉండదు. ఆ పన్ను మద్రాసు రాష్ట్రంలో 1948లో చేసిన చట్టంతో వచ్చిందనీ, 1960లో మన ఆంధ్రకి వేరే చట్టం చేశారనీ, జిల్లా గ్రంథాలయ సంస్థలు నడిచేది ఆ డబ్బుతోనేననీ నాకు చాలా ఏళ్ళ తర్వాత తెలిసింది. ఇప్పుడది ఇంటిపన్నులో రూపాయికి 8 పైసలు. మా అవ్వ అయితే ఆ ఎనిమిది పైసలకీ వడ్డీతో సహా పుస్తకాలు లాగేది.

పుస్తకాల వెన్ను మీద ఒక కాగితం ముక్క అంటించి 894.827 అని రాసుండేది. నేను మోసే నవలలన్నిటికీ అదే. నేను చాలా కాలం అది ధర అనుకున్నా, ఎనిమిది వందల తొంభై నాలుగు రూపాయలు, అందుకే ఇంత జాగ్రత్తగా చూసుకోమంటాడు సారు అనుకునేదాన్ని. ఒకరోజు భయపడతా అడిగితే ఆయన నవ్వీ నవ్వీ దగ్గొచ్చి, "అది మన నంబరమ్మా. ప్రపంచంలో యాడైనా ఈ పద్ధతిలో నడిచే లైబ్రరీకి పోయి ఈ నంబరు కింద చూడు, తెలుగు కథలో కవితలో ఉంటాయి" అన్నాడు. నేను నమ్మలా. తర్వాత చూస్తే నిజమే.

ముద్రలైతే ఇంకా తమాషా. పాత పుస్తకాల మొదటి పేజీలో నెల్లూరు జిల్లా ముద్ర ఉండేది, కొత్తవాటి మీద ప్రకాశం జిల్లా. 1970లో ఒంగోలు జిల్లా చేసినప్పుడు నెల్లూరు నుంచి కందుకూరు, కనిగిరి, పొదిలి, దర్శి అన్నీ ఇటొచ్చేశాయి కదా, 1972లో ప్రకాశం పేరు పెట్టారు. కొన్ని పుస్తకాల మీద నెల్లూరు ముద్ర కొట్టేసి దానిపక్కన ఇంకోటి వేశారు. ఇంకొన్నిటి మీద రాజా రామమోహన్ రాయ్ పేరుతో కలకత్తా ముద్ర ఉండేది, ఆ సంస్థ దేశమంతా లైబ్రరీలకి పుస్తకాలు కొనిస్తుంది, మేమేమో మా పుస్తకాలు కలకత్తా నుంచి రైల్లో వచ్చాయని బళ్ళో చెప్పుకునేవాళ్ళం. మొదటి పేజీ చించుకున్నా దొంగ దొరకాలని లోపల ఇంకో పేజీలో కూడా ముద్ర వేస్తారు, ఏ పేజీనో సారు చెప్పేవాడు కాదు. పిలకాయలం ఒక మధ్యాహ్నమంతా కూచుని కనిపెట్టాం. 2022లో కందుకూరుని మళ్ళీ నెల్లూరు జిల్లాలో కలిపినప్పుడు నాకు మొట్టమొదట గుర్తొచ్చింది ఆ కొట్టేసిన ముద్రలే. మళ్ళీ మారుద్దామని మాటలు కూడా నడిచాయి ఆ తర్వాత. ఆ పుస్తకాలు ఉన్నచోటే ఉండాయి పాపం, ఊళ్ళు వాటి చుట్టూ తిరుగుతుండాయి.

ఒక తప్పు కూడా ఒప్పుకోవాలి. వారపత్రికలు ఇంటికిచ్చేవాళ్ళు కాదు, అక్కడే కూచుని చదవాలి. ఆడోళ్ళేమో అక్కడికి రారు. సీరియల్ ఒక వారం తప్పితే మా చిన్నమ్మకి అన్నం సయించేది కాదు. ఆమె ఇంట్లో బియ్యం డబ్బా కింద సీరియల్ కాగితాలన్నీ ఒకదానిమీద ఒకటి పెట్టి గోతాం సూదితో కుట్టుకున్న కట్ట ఉండేది, అప్పుడు చాలామంది అట్టా కుట్టుకునేవాళ్ళు. కందుకూరు పోయినోళ్ళు ఎవరన్నా కొనుక్కొస్తే సరే, లేకపోతే ఆ వారం కాగితం లేదు. ఒకసారి నా చేతిలో సగం బ్లేడు పెట్టింది. నాలుగు పేజీలు. చించితే చప్పుడవుతుంది కాబట్టి బ్లేడు. సారు పేపర్లు సర్దుకుంటుంటే స్త్రీల బల్ల వెనక కూచుని కోసి పలకల మధ్య పెట్టుకొచ్చా. మర్నాడు ఆ పత్రిక తెరిచిన ఒక రిటైర్డు మాస్టారు ఎంత గోల చేశాడంటే, సారు ఆయన ముందు రెండు చేతులూ కట్టుకుని నిలబడ్డాడు, అయ్యా నాదే పొరపాటు, చూసుకోలేదు అని. నేను అక్కడే ఉన్నా. ఏం మాట్లాడలా. తర్వాత ఆయన నన్ను ఏమీ అడగలేదు. వారం తర్వాత నుంచి మటుకు, కొత్త సంచిక వచ్చినాక పాతది నా సంచీలో ఆయనే పెట్టేవాడు, "పొద్దున్నే తెచ్చెయ్, మడత పడకుండా" అని. రూలుకి అది విరుద్ధం. తెలిసే పెట్టేవాడనుకుంటా.

పన్నెండో పదమూడో వచ్చి నేను పెద్దమనిషినయ్యా. ఓణీ వేశారు, లైబ్రరీ మానిపించారు. అంతే, ఒక్కరోజులో. రసీదు చూపించిన అవ్వ కూడా ఈసారి మాట్లాడలా. నా ఉద్యోగం తమ్ముడికొచ్చింది. వాడికి చదువు మీద ధ్యాస లేదు, గోలీలాడి గోలీలాడి ఏడుకి ఒక నిమిషం ఉందనగా ఉరికి చేతికేది తగిలితే అది పట్టుకొచ్చేవాడు. డాక్టరు ప్రేమకథ అడిగితే గేదెల పెంపకం తెచ్చాడు. ట్రాక్టరు మరమ్మతులు తెచ్చాడు. తిరిగిచ్చి వేరేది తేరా అంటే రేపు తెస్తా అనేవాడు. వేరే గతి లేక మా చిన్నమ్మ గేదెల పెంపకం మొదట్నించి చివరిదాకా చదివింది, రెండుసార్లు. ఆ ఎండాకాలం అవ్వ గేదె ఈనలేక అవస్థ పడుతుంటే చిన్నమ్మ పక్కన కూచుని దూడ ముందర కాళ్ళు రావాలి, తల రావాలి అని చెప్తుంటే అవ్వ "నువ్వు యాడ నేర్చినావే ఇదంతా" అని నోరు తెరిచింది. కొన్నాళ్ళకి వీధిలో గేదె ఈనితే చిన్నమ్మకి కబురొచ్చేది. ఇప్పటికీ చెప్పుకుని నవ్వుతాం.

బ్యారన్ దగ్గర రాత్రిళ్ళు కట్టెలేసే మనుషులు ఉండేవాళ్ళు. ఒక బ్యారన్ నింపితే దిగేసరికి అయిదారు రోజులు, రాత్రీ పగలూ పొయ్యి ఆరకూడదు, వేడి పెరక్కూడదు తగ్గకూడదు, పెరిగితే ఆకు మాడిపోతుంది, రైతు నెత్తిన గుడ్డ. నిద్ర పోతే కొంప మునుగుతుంది కాబట్టి వాళ్ళలో చదువొచ్చిన ఒకాయన లైబ్రరీలో డిటెక్టివ్ పుస్తకాలు తెచ్చుకుని లాంతరు పెట్టుకుని పెద్దగా చదివేవాడు, మిగతా ఇద్దరూ వినేవాళ్ళు. హంతకుడు దొరికేదాకా ఎవరికీ నిద్ర రాదు. ఆ పుస్తకాలు తిరిగొచ్చేటప్పటికి బూడిద వేలిముద్రలు, పేజీల మధ్య గుర్తుకి పెట్టిన పొగాకు ఈనె. నేను చెప్పిన వాసన అదీ.

ఇంక మగోళ్ళ లైబ్రరీ వేరే. పొద్దున మొదటి బస్సుకి పేపర్లు వచ్చేవి, కండక్టరు కట్ట కిందికి విసిరేస్తే దుమ్ములో పడేది. పది నిమిషాల్లో పేపరు ముక్కలైపోయేది, తలా ఒక షీటు, నువ్వు చదివితే ఇటివ్వు నువ్వు చదివితే అటివ్వు. నిశ్శబ్దం అట్ట కిందే రాజకీయాలు. సాయంత్రం రేడియో, విజయవాడ స్టేషన్లో రైతుల కార్యక్రమం, ఆ తర్వాత వార్తలు. అర్జీలు రాయించుకునేవాళ్ళు, మనియార్డరు ఫారాలు పూర్తి చేయించుకునేవాళ్ళు, మిలిటరీలో ఉన్న కొడుకు ఉత్తరం చదివించుకునేవాళ్ళు. ఆ తల్లులు లోపలికి రాకుండా గుమ్మం బయట నిలబడి వినేవాళ్ళు, సారు గుమ్మం లోపల నిలబడి చదివేవాడు. రెండు అడుగుల దూరం. ఎవరూ దాటేవాళ్ళు కాదు.

దాటిన రోజు మటుకు ఒకటొచ్చింది. నేను పెద్దదాని పురిటికి పుట్టింటికి వచ్చుండా అప్పుడు. 1991లో నెల్లూరు జిల్లాలో అక్షరాస్యత ఉద్యమం పెట్టారు, రాత్రిబళ్ళు, ఆడోళ్ళు పలకలు పట్టుకుని పొయ్యేవాళ్ళు. మాది అప్పటికి ప్రకాశం కాబట్టి మాకు లేదు, కానీ బోర్డరు కదా, అటు చుట్టాలున్నోళ్ళు వచ్చి చెప్పేవాళ్ళు. 1992లో కలిగిరి దగ్గర దూబగుంటలో రోశమ్మ, ఇంకా ఆ ఊరి ఆడోళ్ళు సారా దుకాణం మూయించారని గుప్పుమంది. చదువుకునే వాచకంలోనే సారా వల్ల కొంప కూలిన ఆడమనిషి పాఠం ఉందంట, అది చదివి లేచారంట. మా ఊళ్ళో కూలికి పొయ్యే ఆడోళ్ళు, పొగాకు గ్రేడింగు చేసేవాళ్ళు, ఒకరోజు సాయంత్రం పని దిగి పదిహేను మంది దాకా నేరుగా లైబ్రరీకి పొయినారు. చేతులకి పొగాకు జిగురు అట్టే ఉంది. "పేపర్లో పడిందంట గదా సామీ, మాకు చదివి చెప్పు" అన్నారు. గుమ్మం దగ్గర ఆగలేదు. సారు లేచి ముందు చేసిన పని, స్త్రీల బల్ల మీద క్యారియరు తీసి కింద పెట్టడం. ఇది నేను కళ్ళారా చూడలేదు, పచ్చి బాలెంతని మంచం మీద ఉండా, చిన్నమ్మ చూసొచ్చి చెప్పింది. చిన్నమ్మ కూడా వాళ్ళ వెనకాల పొయింది. ముప్ఫై దాటినాయి ఆమెకి అప్పటికి, వందల పుస్తకాలు చదివిన మనిషి, ఆ గదిలోకి పోవడం అదే మొదలు. "ఇంతేనా, ఇంత చిన్న గదా" అంది వచ్చి. మొన్నటిదాకా చాలా పెద్దది అనుకునేదంట.

1993 అక్టోబరు ఒకటిన రాష్ట్రమంతా సారా ఆపేశారు. ఆ తర్వాత పూర్తి నిషేధం రావడం, అది 1997లో సడలించడం మీకు తెలిసిందే, ఆ కథ ఇక్కడొద్దు, నాకు కోపం వస్తుంది.

పెళ్ళైనాక కొన్నేళ్ళు చీరాల్లో ఉన్నాం, మా ఆయన బట్టల వ్యాపారం లెక్కలు రాసేవాడు. అప్పుడు వేటపాలెం సారస్వత నికేతనానికి పోయేదాన్ని. 1918లో పెట్టిన లైబ్రరీ అది. అప్పట్లో వేటపాలెం ప్రకాశంలో ఉండేది, ఇప్పుడు బాపట్ల. 1929లో గాంధీగారు వచ్చినప్పుడు ఆయన చేతికర్ర విరిగితే అది దాచిపెట్టారు, చూపిస్తారు. యాడెక్కడి నుంచో పరిశోధన చేసేవాళ్ళు వచ్చి పాత పత్రికల బైండ్లు ముందేసుకుని కూచునేవాళ్ళు. మొదటిసారి పొయినప్పుడు ఆ హాల్లో నేనొక్కదాన్నే కుర్చీ లాక్కుని కూచుని పుస్తకం తెరిచా. ఎవరూ ఏమీ అనలేదు. ఎవరూ చూడనైనా చూడలేదు. గోంగూర కప్పకుండా పుస్తకం చేత్తో పట్టుకుని రోడ్డు మీద నడిచిందీ ఆ ఊళ్ళోనే. ఇంటికి పోయి సారుకి కార్డు ముక్క రాశా, గాంధీ కర్ర చూశానండీ అని. జవాబు రాశాడు. అందులో కర్ర ఊసు లేదు, అక్కడ బీరువాలు ఎట్టా సర్దారు, చెదలకి ఏం వాడతారు కనుక్కుని రాయి అని ఉంది.

మొన్న ఆయన ఇంటికి పొయినాను. అప్పటికే మట్టి అయిపోయింది. ఆయన చేసింది పార్ట్‌టైము ఉద్యోగం, జీతం అని చెప్పుకోడానికి లేనిది, అదీ ఒక్కోసారి నెలల తరబడి రాదు, పొలం చూసుకుంటా ఈడ్చాడు. భార్య అరుగు మీద కూచుని ఉంది, ఎనభై ఉంటాయి. నేను ఎవరో చెప్పి, సారు మాకెన్ని పుస్తకాలు ఇచ్చాడో చెప్తుంటే ఆమె చాలాసేపు విని, "ఊళ్ళో ఆడోళ్ళందరికీ మోసినాడమ్మా. నాకు అఆలు నేర్పల్యా" అంది. కోపంగా కాదు, మామూలుగా అంది. "అడగలేదా అత్తా" అంటే "అడగాలా ఏంది" అంది. నాకు ఏం చెప్పాలో తోచలా. మజ్జిగ ఇచ్చారు, తాగి వచ్చేశా. ఆ మాట మటుకు ఇప్పటికీ గొంతులో ఉంది. పన్నెండేళ్ళ నా మీద, మా చిన్నమ్మ మీద అంత శ్రద్ధ చూపించిన మనిషి!

లైబ్రరీ ఇప్పుడు పాత గదిలో లేదు. ఆ గది పెంకులు దిగిపోయి గడ్డివాము పెట్టుకున్నారు. బడి పక్కన స్లాబు గది కట్టారు. తమ్ముడు దారిలోనే చెప్పాడు "పోవద్దులేక్కా, అదింక లైబ్రరీ కాదు, పుస్తకం ముట్టేవాడు లేడు, అందరూ పరీక్షల గైడ్లు తెచ్చుకుని చదువుకుంటుండారు, ఫ్యాను కోసం పోతారు". వీడా చెప్పేది, గేదెల పెంపకం తెచ్చినోడు. అయినా మా నాయన మటుకు అక్కడ ఏం పుస్తకం ముట్టాడు? వెచ్చటి గోడ కోసం వచ్చిన ముసలోళ్ళని మేమెప్పుడూ లైబ్రరీ పాడుచేస్తుండారు అనలేదే.

సాయంత్రం అయిదింటికి పొయినా. గుమ్మం బయట ఇరవై జతల చెప్పులు. అన్నీ ఆడపిలకాయలవి, రెండో మూడో తప్ప. లోపల ఒక్క కుర్చీ ఖాళీ లేదు. నిశ్శబ్దం అట్ట లేదు, నిశ్శబ్దం ఉంది. ఫోన్లో క్లాసు వింటా ఒకమ్మాయి, ఇయర్ ఫోన్లు పెట్టుకుని. గోడకి పాత ప్రశ్నాపత్రాలు అంటించుకున్నారు. 2019లో గ్రామ, వార్డు సచివాలయాలకి కలిపి లక్షా పాతికవేల పైన ఉద్యోగాలు పడ్డప్పుడు మొదలైందంట ఇది, ఆ పరీక్షకి ఇక్కడ చదివిన వాళ్ళలో ఇద్దరికి వచ్చిందంట, ఆ తర్వాత కానిస్టేబులు, గ్రూపులు, డీఎస్సీ, ఏదో ఒకటి ఉంటూనే ఉంది. పక్కూళ్ళ నుంచి కూడా స్కూటీల మీద వస్తుండారు. ఇంట్లో కూచుంటే నీళ్ళు తోడు, అంట్లు తోము అంటారంట, ఇక్కడికొస్తే ఎవరూ పిలవరంట. పేపరు చదివే ముసలోళ్ళు నలుగురు వరండాలో ప్లాస్టిక్ కుర్చీల మీద ఉండారు, వాళ్ళకి లోపల చోటు లేదు, "మమ్మల్ని గెంటేశారమ్మాయ్" అన్నాడు ఒకాయన, నవ్వుతానే అన్నాడనుకోండి. బీరువాలు మూడైనాయి. లైబ్రేరియన్ లేడు, వేరే ఊరి ఆయనకి ఇంచార్జి ఇచ్చారంట, వారానికి రెండు రోజులు వస్తాడంట. తాళం చెవి ఈ పిల్లల దగ్గరే ఉంది.

మూల ఆ చిన్న బల్ల కనిపించింది. పచ్చ రంగు వేశారు. రంగు కింద అక్షరాలు ఉబ్బెత్తుగా తెలుస్తుండాయి, వేలితో తడిమితే స్త్రీ అనే అక్షరం తగిలింది. దానిమీద అయిదారు బ్యాగులు, నీళ్ళ సీసాలు, ఒక క్యారియరు. ఒకమ్మాయి చూసి "ఏం కావాలత్తా" అని లేచింది. నేను ఏమీ లేదమ్మా, ఊరికే చూడ్డానికొచ్చా అన్నా. బ్యాగులు కింద పెట్టి, ఎక్కడి నుంచో స్టూలు తెచ్చి ఆ బల్ల దగ్గర వేసింది.

నా సంచీలో చిన్నమ్మ సీరియల్ కట్ట ఉంది. చిన్నమ్మ పోయి ఆరేళ్ళవుతుంది, ఆమె పెట్టెలో దొరికితే నేను దాచుకున్నా. నేను కోసిన నాలుగు పేజీలు అందులోనే ఉండాయి, అంచులు బ్లేడుతో కోసినట్టు సాఫీగా, మిగతావి చించినట్టు గరుకుగా, ఇట్టే తెలుస్తుంది. అది తీసి ఆ అమ్మాయికి ఇచ్చి ఇది లైబ్రరీదమ్మా అన్నా. తిప్పి చూసింది. ముద్ర లేదు, నంబరు లేదు, అట్ట లేదు. "ఏ బీరువాలో పెట్టాలత్తా ఇది?" అంది. చెప్పా. వెతికి 894 ఉన్న అరలో నిలబెట్టింది, పడిపోతుంటే పక్కన రెండు లావుపాటి పుస్తకాలు ఆనించి, మళ్ళీ పోయి లెక్కలు చేసుకోవడం మొదలుపెట్టింది.

ఏడున్నర దాకా కూచున్నా. ఒక వారపత్రిక కూడా లేదు అక్కడ, పేపర్లే. పేపరే చదివా. వాళ్ళు ఒక్కొక్కరే లేచి పోతుంటే ఆఖర్న మిగిలిన అమ్మాయి లైట్లు ఆపి, "కొంచెం ఫోన్ టార్చి వేసి పట్టుకోత్తా" అంది తాళం పెడతా. బయట చీకటి, యాడో బ్యారన్ కాలుతుంది, వాసనొస్తుంది.

రేపు శుక్రవారం కదా, సెలవేమో అన్నా.

"సెలవేందత్తా, పరీక్ష పంతొమ్మిదో తేదీ" అంది.